మూడు వందల ఏళ్ళు ఏలిన రాజు

కాశ్మీరాన్ని రణాదిత్యుడు అనే రాజు 300 ఏళ్ళు పాలించాడని రాజతరంగిణి చెబుతుంది. అది 12వ శతాబ్దంలో కల్హణుడు సంస్కృత శ్లోకాల్లో రాసిన కాశ్మీర రాజుల చరిత్ర. అతడికి ముందు గద్దె మీద ఉన్న అన్న నరేంద్రాదిత్యుడు పాలించింది 13 ఏళ్ళు. తర్వాత వచ్చిన కొడుకు విక్రమాదిత్యుడు పాలించింది 42 ఏళ్ళు. ఈ రెండు మామూలు అంకెల నడుమ ఆ మూడు వందలు కంట్లో నలుసులా గుచ్చుకుంటాయి.

రాసిన కల్హణుడికీ అవి గుచ్చుకున్నట్టే ఉంది. అందుకే వాటి వెనుక ఒక పెద్ద కథ నిలబెట్టాడు. పూర్వజన్మలో రణాదిత్యుడు ఒక జూదరి. ఆటలో సర్వం పోగొట్టుకుని, ప్రాణానికి తెగించి, వింధ్యపర్వతంలో ఉండే భ్రమరవాసిని దేవి దర్శనానికి బయలుదేరాడు. గుడికి వెళ్ళే దారి నిండా తుమ్మెదల గుంపులు, ఒక్కొక్కదాని కొండి వజ్రమంత పదును. జూదరి ఒంటికి ఇనుప కవచం తొడుక్కుని, దాని మీద దున్నపోతు తోలు కప్పుకుని, ఆపైన పేడ కలిపిన మట్టి మెత్తించుకుని పరుగు తీశాడు. మట్టి రాలింది, తోలు చిరిగింది, కవచం తునకలైంది. చివరికి ఎముకల గూడై దేవి ముందు పడ్డాడు. వరం కోరుకోమంటే ఆ దేవినే భార్యగా కోరాడు. మరుజన్మలో అతడు రణాదిత్యుడిగా, ఆమె చోళరాజు రతిసేనుడికి సముద్రపు అలల్లో దొరికిన రణారంభగా పుట్టారు. ఆమె ఇచ్చిన మంత్రబలంతో అతడు 300 ఏళ్ళు ఏలి, చంద్రభాగా నదిలోని ఒక గుహ గుండా పాతాళానికి వెళ్ళిపోయాడు.

కథ రసవత్తరంగా ఉంది. దాన్ని కాసేపు పక్కన పెట్టి కూడికలు చేస్తే మరో సంగతి బయటపడుతుంది. రాజతరంగిణి మూడో తరంగంలో, అంటే మూడో అధ్యాయంలో, పదిమంది రాజులు, వాళ్ళ పాలన మొత్తం 589 ఏళ్ళ 10 నెలల ఒక రోజు. అందులో సగానికి పైగా ఒక్క రణాదిత్యుడిదే. ఆ మూడు వందలు తీసేస్తే తొమ్మిదిమందికి 290 ఏళ్ళు మిగులుతాయి. సగటున మనిషికి 32 ఏళ్ళు. కాస్త ఎక్కువే గానీ నమ్మశక్యం కానిది కాదు. అంటే రాజుల జాబితా ఒకటి ఉంది, దానికి పట్టాల్సిన కాలం మరొకటి ఉంది. జాబితా పొట్టిది, కాలం పొడుగుది. ఈ మధ్య మిగిలిన జానెడు సందులో అతికిన గుడ్డపేలిక రణాదిత్యుడి ఆయుష్షు. అతికింది కల్హణుడే కావచ్చు, ఆయనకు ముందటి జాబితాకర్తలు కావచ్చు. అతుకు మాత్రం అతుకే.

మధ్యయుగ రాజచరిత్రల గురించి మాట్లాడేటప్పుడు పురాణాన్ని, చరిత్రను వడ్లూ తాలూ లాగా చెరిగి వేరు చేయాలని చూడడం మామూలు. తాలు పారబోసి గింజ దాచుకుంటే సరిపోతుందన్న నమ్మకం అది. కానీ ఈ గ్రంథాల్లో కట్టుకథ ఊరికే వచ్చి కూర్చోదు. ఎక్కడో ఒక ఖాళీ ఉంటేనే అక్కడికి వస్తుంది. ఆ ఖాళీ ఏమిటో కనిపెడితే పారబోయాల్సిన కథ కూడా సాక్ష్యం చెబుతుంది.

ఇది చూడడానికి రాజతరంగిణి కంటే మంచి పుస్తకం దొరకదు, ఎందుకంటే దాన్ని రాసినవాడు అమాయకుడు కాడు. కల్హణుడి తండ్రి చంపకుడు కాశ్మీర రాజు హర్షుడి కొలువులో మంత్రి. 1101లో హర్షుడు హతమయ్యాక రాజ్యం ఎలా చిందరవందర అయిందో ఆ ఇంటికి దగ్గరగా తెలుసు. కల్హణుడు 1148లో, జయసింహుడి పాలనలో, రచన మొదలుపెట్టి రెండేళ్ళలో 8 తరంగాలు, 7,826 శ్లోకాలు పూర్తిచేశాడు. జరిగిన సంగతి చెప్పేటప్పుడు రాగద్వేషాలను వదిలేసి, న్యాయాధికారిలా మాట్లాడగల కవే మెచ్చదగినవాడని మొదట్లోనే అంటాడు. తనకు ముందటి పండితుల రాజకథలు పదకొండు, కాశ్మీరపు స్థలపురాణమైన నీలమత పురాణం చూశానంటాడు. దేవాలయ ప్రతిష్ఠల శాసనాలు, దాన శాసనాలు, ప్రశస్తులు, శాస్త్రగ్రంథాలు పరిశీలించి సందేహాలు తీర్చుకున్నానంటాడు. క్షేమేంద్రుడంతటి కవి రాసిన నృపావళిలో తప్పులేని భాగం ఒక్కటీ లేదని మొహమాటం లేకుండా తేల్చేస్తాడు. ఇలాంటి మనిషి 300 ఏళ్ళ పాలన రాశాడంటే అది మూఢనమ్మకం ఒక్కదాని వల్ల జరిగింది కాదు. లెక్క కుదరాల్సిన అవసరం ఆయన మెడ మీద కూర్చుంది.

ఆ లెక్క ఎక్కడ మొదలైందో చూస్తే ఇది స్పష్టమవుతుంది. కాశ్మీర తొలి రాజు మొదటి గోనందుడు ధర్మరాజుకు సమకాలికుడన్నది సంప్రదాయం. యుధిష్ఠిరుడి కాలానికీ శకారంభానికీ మధ్య 2,526 ఏళ్ళని వరాహమిహిరుడు రాశాడు. శకం క్రీ.శ. 78లో మొదలైంది కాబట్టి గోనందుడు క్రీ.పూ. 2448లో పడతాడు. కౌరవ పాండవులు ద్వాపరాంతంలో ఉన్నారని లోకమంతా అనుకుంటుంటే, కలియుగంలో 653 ఏళ్ళు గడిచాక ఉన్నారని కల్హణుడు వాదించింది ఈ కారణంగానే. ద్వాపరాంతాన్ని నమ్మేవాళ్ళు తాను వేసిన ఏళ్ళ మొత్తాన్ని తప్పంటున్నారని ఆయనే చెప్పుకున్నాడు. పురాణాన్ని గణితంతో దిద్దడమనేది ఇక్కడ తమాషాగా తిరగబడింది: దిద్దుబాటు కూడా ఒక పురాణాన్ని కాపాడడానికే. అటు చివర, గోనందుల తర్వాత కాశ్మీరాన్ని ఏలిన కర్కోట వంశం క్రీ.శ. 601 ప్రాంతంలో మొదలవుతుంది. రెండు మేకులూ గట్టిగా దిగగొట్టేశాక మధ్యలో తాడును ఎంతైనా సాగదీయక తప్పదు.

గోనందుల కథలోనే ఇంకో ఖాళీ ఉంది, అది అంకెలది కాదు, పరువుది. కురుక్షేత్రంలో దేశదేశాల రాజులు ఏదో ఒక పక్షాన నిలబడ్డారు; మరి కాశ్మీర రాజు ఎందుకు వెళ్ళలేదు? నీలమత పురాణం మొదలయ్యేదే జనమేజయుడు వైశంపాయనుడిని అడిగిన ఈ ప్రశ్నతో. జవాబు ఇది. మొదటి గోనందుడు జరాసంధుడి బంధువు. అతడి తరఫున మథుర మీదికి వెళ్ళి బలరాముడి చేతిలో చచ్చాడు. కొడుకు దామోదరుడు పగ తీర్చుకోవడానికి గాంధార స్వయంవరం మీద పడి కృష్ణుడి చేతిలో చచ్చాడు. అప్పటికి దామోదరుడి భార్య యశోవతి గర్భవతి. కృష్ణుడు ఆమెకే పట్టం కట్టించాడు. ఆడదానికి పట్టమేమిటని మంత్రులు గొణిగితే, కాశ్మీర భూమి పార్వతి అని, దాని రాజు శివుడి అంశ అని చెప్పి నోళ్ళు మూయించాడు. పుట్టిన బిడ్డ రెండో గోనందుడు. యుద్ధం నాటికి వాడు పసివాడు కాబట్టి కౌరవులూ పిలవలేదు, పాండవులూ పిలవలేదు.

ఒక్క దెబ్బకు ఎన్ని పిట్టలో చూడండి. గైర్హాజరుకు గౌరవప్రదమైన కారణం దొరికింది. తాతా తండ్రీ ఓడినా, ఓడింది బలరామకృష్ణుల చేతిలో కాబట్టి అవమానం లేదు. దైవమే స్వయంగా పట్టం కట్టింది. ఆడవాళ్ళ పాలనకు కూడా పురాణకాలపు ఆనవాయితీ ఏర్పడింది. కల్హణుడు పుట్టడానికి వందేళ్ళ ముందు దిద్దారాణి 980 నుంచి 1003 దాకా కాశ్మీరాన్ని స్వయంగా ఏలింది కాబట్టి, అక్కడి పాఠకులకు ఆ ఆనవాయితీ ఏదో మారుమూల విషయంగా తోచి ఉండదు.

ఇంత నేర్పున్నవాడు కొన్ని ఖాళీలను ఖాళీగానే వదిలేశాడు, మెచ్చుకోవాల్సింది అక్కడ. తొలికాలపు రాజులు 52 మంది అని పాత లెక్క. వాళ్ళలో నలుగురు నీలమతంలో దొరికారు. ఎనిమిదిమంది పేర్లు హేలారాజు గ్రంథం ఆధారంగా పద్మమిహిరుడు ఇచ్చాడు. అయిదుగురి పేర్లు ఛవిల్లాకరుడు ఇచ్చాడు. మిగిలిన 35 మంది విస్మృతి సాగరంలో మునిగిపోయారని రాసి కల్హణుడు ముందుకు సాగాడు. కావాలంటే 35 పేర్లు అల్లడం ఆయనకు ఒక పూట పని. అల్లలేదు. ఏడు శతాబ్దాల తర్వాత ఆ మొహమాటం లేనివాళ్ళు వచ్చారు: 19వ శతాబ్దంలో పీర్ హసన్ షా రాసిన పారసీక చరిత్రలో ఆ 35 మందీ పేర్లతో సహా ప్రత్యక్షమయ్యారు. రత్నాకర పురాణం అనే గ్రంథం నుంచి వచ్చాయని అందులో ఉంది. ఆ గ్రంథం మాత్రం చరిత్రకారుల చేతికి రాలేదు.

కట్టుకథ ఖాళీ పూడ్చడం ఒక రకం. నిజమైన మనిషి తప్పు గదిలో దిగడం ఇంకో రకం. అశోకుడు కల్హణుడికి తెలుసు. అతడు స్తూపాలు కట్టించాడని, శ్రీనగరి అనే పట్టణం నిర్మించాడని, అందులో 96 లక్షల ఇళ్ళున్నాయని రాశాడు. కుషాణులు హుష్క, జుష్క, కనిష్కులు తెలుసు. వాళ్ళు తురుష్కజాతి వాళ్ళని, ముగ్గురి పేర్లతో మూడు ఊళ్ళు కట్టారని సరిగానే చెప్పాడు. కానీ వీళ్ళందరూ ఆయన పట్టికలో క్రీ.పూ. 1182కు ముందే గడిచిపోయారు. అశోకుడిది క్రీ.పూ. మూడో శతాబ్దం. కనిష్కుడు ఇంకా తర్వాతివాడు. మిహిరకులుడి సంగతి మరీ విచిత్రం. గ్వాలియర్ శాసనం, యశోధర్ముడి మందసోర్ శాసనం సాక్షిగా ఆ హూణరాజు క్రీ.శ. ఆరో శతాబ్దం వాడు. కల్హణుడు అతడిని క్రీ.పూ. 704లో గద్దెనెక్కించి 70 ఏళ్ళు ఏలించాడు. తేడా 1,200 ఏళ్ళు.

కాలం ఇంతగా జారినా స్వభావం చెక్కుచెదరలేదు. కనుమ దారిలో ఒక ఏనుగు కాలుజారి లోయలో పడుతూ ఘీంకరించింది. ఆ అరుపు మిహిరకులుడికి వీనుల విందుగా ఉండి, ఇంకో వంద ఏనుగులను అదే లోయలోకి తోయించాడట. పీర్ పంజాల్ దారిలో ఆ చోటును హస్తివంజ్ అని పిలవడం రాజతరంగిణిని ఇంగ్లీషులోకి తెచ్చిన ఆరెల్ స్టెయిన్ 19వ శతాబ్దం చివర స్వయంగా విన్నాడు. జనం నోట నిలిచినవి ఒక క్రూరుడి పేరు, ఒక లోయ, ఒక అరుపు. ఏ ఏడాదిలో జరిగిందన్నది ఎవరికీ అక్కర్లేదు, కాబట్టి ఎవరూ గుర్తుపెట్టుకోలేదు. హుష్కపురం కూడా బారాముల్లా దగ్గర ఉష్కూర్‌గా మిగిలింది. ఊళ్ళ పేర్ల నుంచి రాజుల పేర్లు కల్హణుడికి దొరికాయి. కాలాన్ని మాత్రం ఏ ఊరూ తన పేరులో దాచుకోలేదు. ఈ తేడా పట్టించుకోకుండా కల్హణుడి సంవత్సరాలను ఉన్నదున్నట్టు తీసుకుని, శాసనాలనే వాటికి తగ్గట్టు వంచాలని చూసినవాళ్ళు తెలుగునాట కూడా ఉన్నారు. కోట వెంకటాచలం గారు దానికోసం చాలా కాగితం ఖర్చుచేశారు. కల్హణుడి మీద అభిమానంతో చేసిన పనే గానీ, శాసనాలు వెతికి సందేహాలు తీర్చుకున్న కల్హణుడి పద్ధతికి అది ఎదురు.

కర్కోటుల దగ్గరికి వచ్చేసరికి నేల గట్టిపడుతుంది. చంద్రాపీడుడు, లలితాదిత్య ముక్తాపీడుడు చైనా తాంగ్ వంశపు చరిత్రలో కూడా కనిపిస్తారు. చంద్రాపీడుడి రాయబారం 713లో అక్కడికి చేరింది. కల్హణుడి లెక్క ప్రకారం అప్పటికే అతడు లేడు. పొరపాటు దాదాపు 25 ఏళ్ళు. మిహిరకులుడి 1,200 ఏళ్ళ పక్కన పెట్టి చూస్తే, ఈ పాతికేళ్ళ తేడా చరిత్రకారుడి పొరపాటులా ఉంటుంది.

అయినా పురాణం సెలవు తీసుకోలేదు. కనౌజు యశోవర్మను లలితాదిత్యుడు ఓడించడం చరిత్ర. మార్తాండ దేవాలయం శిథిలమైనా నేటికీ కళ్ళముందు ఉంది. కానీ అక్కడి నుంచి అతడి సైన్యం కళింగం దాటి, కావేరి ఒడ్డున సేదదీరి, ద్వారక చూసి, స్త్రీరాజ్యం మీదుగా ఉత్తరకురుభూమి దాకా వెళుతుంది. తూర్పు, దక్షిణం, పడమర, ఉత్తరం: రఘువంశంలో రఘువు తిరిగిన వరసే. ఇది కావ్యం నేర్పిన ప్రదక్షిణం. కల్హణుడికి వందేళ్ళకు పైగా ముందే అల్‌బిరూనీ ఈ రాజు విజయాన్ని కాశ్మీరీలు చైత్రమాసంలో పండుగగా జరుపుకుంటారని రాస్తూ, అతడు ప్రపంచమంతా ఏలాడంటారు గానీ తమ రాజుల్లో చాలామంది గురించి వాళ్ళు అనేది అదే అని చురక అంటించాడు.

ఇక కాశ్మీరీలు వాడుకున్న లౌకిక శకపు సంవత్సరం మొదటిసారి కనిపించేది నాలుగో తరంగం చివర: చిప్పట జయాపీడుడి మరణం లౌకికం 3889, అంటే క్రీ.శ. 813. అక్కడి నుంచి అంకెల నడక మారుతుంది. అయిదో తరంగంలో అవంతివర్మ కాలపు సుయ్యుడి కథ వింటే మొదట కట్టుకథే అనిపిస్తుంది. వరదలతో పంటలు మునిగి జనం ఆకలితో ఉన్నారు. సుయ్యుడు రాజు ఖజానా నుంచి నాణేల కుండలు తెచ్చి వితస్తా (నేటి జీలం) నదిలో గుప్పిళ్ళతో చల్లాడు. పిచ్చివాడని కొలువులో నవ్వారు. ఆకలితో ఉన్న పల్లెవాళ్ళు నాణేల కోసం నీళ్ళలో దిగి, కొండల నుంచి దొర్లిపడి నదిని అడ్డగించిన బండలన్నీ పైకి లాగేశారు. వాగు వదిలింది, నీళ్ళు దిగిపోయాయి, పొలాలు తేలాయి. రెండు వందల దీన్నారాలు పలికే ఖారీ (ఒక ధాన్యపు కొలత) వడ్లు 36కు దిగొచ్చాయని కల్హణుడు ధర సహా రాశాడు. సుయ్యపురం నేటి సోపోర్. ఇక్కడ వరం ఇచ్చే దేవత లేదు, పాతాళపు గుహ లేదు. కూలి లెక్క, వడ్ల ధర, ఒక ఇంజనీరు బుర్ర ఉన్నాయి. కథలా వినిపించినంత మాత్రాన కథ అయిపోదని చెప్పడానికి ఇంతకంటే మంచి ఉదాహరణ ఆ పుస్తకంలోనే లేదు.

తొలి మూడు తరంగాల్లో 3,000 ఏళ్ళకు పైగా కాలానికి 1,074 శ్లోకాలు. చివరి తరంగం ఒక్కదానిలో, 1101 నుంచి 1150 దాకా సుమారు 50 ఏళ్ళకు, 3,449 శ్లోకాలు. శ్లోకాల సాంద్రతే కల్హణుడి ఆధారాల కొలత. పలచగా ఉన్నచోట దేవతలు, తుమ్మెదలు. చిక్కబడ్డచోట కుట్రలు, జీతాలు, వెన్నుపోట్లు.

కాశ్మీరంలో గర్భవతి రాణిని చూసిన కంటితో వేంగి శాసనాలు చదివితే ఆమె ఇక్కడా కనిపిస్తుంది. రాజరాజనరేంద్రుడి నందంపూడి శాసనం 1053 నాటిది, రచించింది నన్నయభట్టు. దాని ప్రకారం అయోధ్యలో 59 మంది చక్రవర్తులు పాలించాక ఆ వంశపు విజయాదిత్యుడు దక్షిణాపథం గెలవడానికి వచ్చి, త్రిలోచన పల్లవుడితో యుద్ధంలో చనిపోయాడు. గర్భవతి అయిన రాణి ముడివేము అగ్రహారం చేరింది. విష్ణుభట్ట సోమయాజి ఆమెను కన్నకూతురిలా కాపాడాడు. పుట్టిన బిడ్డ విష్ణువర్ధనుడు పెరిగి, చాళుక్యగిరి మీద దేవిని కొలిచి, సేతువు నుంచి నర్మద దాకా ఏలాడు.

ఏడో శతాబ్దంలో రెండో పులకేశి తమ్ముడు కుబ్జ విష్ణువర్ధనుడు వేంగి రాజ్యం స్థాపించిన కొత్తలో వేయించిన శాసనాల్లో ఇదేమీ లేదు. మానవ్యసగోత్రులం, హారితీపుత్రులం అని చెప్పుకుని ఊరుకున్నారు. అయోధ్య, 59 మంది చక్రవర్తులు 11వ శతాబ్దంలో వచ్చారు. అప్పటికి వేంగి రాజులు చోళులకు అల్లుళ్ళు. రాజరాజనరేంద్రుడి తల్లి కుందవ్వ రాజరాజచోళుడి కూతురు, భార్య అమ్మంగ రాజేంద్రచోళుడి కూతురు. సూర్యవంశం అని చెప్పుకునే మామగారి ఎదుట చంద్రవంశపు అల్లుడికి కూడా అంత పొడుగు వంశవృక్షం ఉండాలి. ఆ అవసరమే ఖాళీ. భారతాన్ని తెనిగించమని నన్నయను కోరేటప్పుడు రాజరాజు చెప్పిన కారణాల్లో పాండవులు తన వంశంలో ప్రసిద్ధులన్నది ఒకటి. అవతారికలో ఆ పద్యం ఉంది. అంటే శాసనంలో ఆ వంశకథను రాగిరేకుల మీదికి ఎక్కించిన చేయి, తెలుగు భారతాన్ని మొదలుపెట్టిన చేయి ఒకటే. ఖాళీ పూడ్చే పని ఒక్కోసారి భాషకు ఆదికావ్యాన్ని కూడా ఇచ్చి పోతుంది.

అన్ని ఖాళీలూ వంశగౌరవానివి కావు. 1323లో ఓరుగల్లు పడిపోయాక ప్రతాపరుద్రుడిని ఢిల్లీకి తరలించారు. ఆయన దారిలో నర్మదా తీరాన మరణించాడని ప్రోలయ నాయకుడి విలస తామ్రశాసనం చెబుతుంది. సంఘటనకు దగ్గర కాలంలో, ఆయన కోసం పోరాడిన వర్గం వేయించిన శాసనం అది. తర్వాతి తరాల్లో ఏకామ్రనాథుడు తెలుగు వచనంలో రాసిన ప్రతాపరుద్ర చరిత్రం ఆ నది దగ్గర ఆగదు. అందులో రాజు ఢిల్లీ దాకా వెళతాడు, సుల్తాను ఆయనలో దైవాంశ ఉందని తెలుసుకుని సగౌరవంగా విడిచిపెడతాడు, ఆయన క్షేమంగా ఓరుగల్లుకు తిరిగి వస్తాడు.